గోరుమందం తోలు

క్లబ్బు ఆఫీసు, మైదానం వెనక
అక్టోబరు 4

బావా,

నిలబడి చదవకు, కూర్చో. అక్కని కూడా పిలువు. లేకపోతే ప్రతి వాక్యం రెండుసార్లు చదివించుకుని నీ ప్రాణం తోడేస్తుంది.

నన్ను మేనేజరుని చేశారు!

నమ్మవని తెలుసు. నాకే ఇంకా నమ్మకం కుదరలేదు. ఇన్నాళ్లూ కమిటీ పెద్దలు ఏడుగురు బల్ల చుట్టూ చేరి, టీ తాగుతూ, శనివారం ఆటకి పదకొండు మందిని ఎంచేవాళ్లు కదా. వాళ్లలో అయిదుగురు జన్మలో బంతిని తన్ని ఎరగరు. ఒకాయనైతే పొడుగ్గా ఉన్నవాళ్లనే ఎంచమనేవాడు, ఫోటోలో బాగుంటారని. వరసగా నాలుగు ఆటలు ఓడేసరికి అందరూ చేతులెత్తేశారు. 'ఇక నువ్వే చూసుకో' అని తాళాలు నా చేతిలో పెట్టారు. ఈ లీగులో ఒక ఆటగాడు మేనేజరు కావడం ఇదే మొదలని పేపరువాడు రాశాడు. ఆ ముక్క కత్తిరించి ఇందులో పెడుతున్నాను, అక్క దాచుకుంటుంది.

ఒక షరతు ఉంది. ఆడటం మానకూడదట. 'జనం వచ్చేది నీ కోసమే కదయ్యా' అన్నాడు ఛైర్మను. మానమన్నా మానేవాణ్ణి కాదు, ఆ సంగతి ఆయనకి చెప్పలేదు. నాకు ముప్పై ఆరు నిండాయి బావా. కప్పు ఫైనల్లో రెండుసార్లు ఆడాను. రెండుసార్లూ ఓడి, మెట్లకింద నిలబడి, ఇంకొకడు పైన కప్పెత్తుతుంటే చప్పట్లు కొట్టాను. ఒక్కసారి, ఒక్కటంటే ఒక్కసారి, బూట్ల నిండా బురదతో ఆ మెట్లెక్కాలి. ఆ తర్వాత గడ్డం పట్టుకుని బతిమాలినా ఆడను.

ఇప్పుడు నీతో పని. మావాళ్లు నొప్పి దాస్తారు. చెబితే ఆ వారం జట్టులో చోటుండదని భయం. అడిగితే 'బ్రహ్మాండంగా ఉన్నాను సార్' అంటారు. (మొన్నటిదాకా నన్ను 'ఒరేయ్' అన్నవాళ్లే!) ఆట మధ్యలో ఒకడు కూలబడితే ఇంకొకణ్ణి దించే రూలు లేదాయె. మిగతా పదిమందే ఆడి చావాలి. నువ్వు ఒకసారి నా బూటు అడుగు తిప్పి చూసి, రంగుల మిల్లులో నేను బకెట్లు ఏ చేత్తో మోస్తున్నానో చెప్పావు, గుర్తుందా? అది ఇప్పుడు కావాలి. పదిహేను రోజులకోసారి అందరి ప్రాక్టీసు బూట్లూ రైలు పార్శిల్లో పంపుతాను. పేర్లుండవు, అంకెలే. నువ్వు బాగుచేసి, ఏ జత ఏం చెబుతోందో రాసి పంపు.

కొత్త అద్దెగది బాగుంది, కిటికీలోంచి మైదానం కనిపిస్తుంది. నేల మాత్రం సరిగా వేయలేదు. పొద్దున్నే మంచం దిగి ఒట్టి కాళ్లతో నడిస్తే కుడివైపుకి వాలుగా ఉంటుంది. ఇంటావిడతో అంటే 'ముప్పై ఏళ్లుగా ఎవరికీ కనబడని వాలు నీకొక్కడికే కనబడిందా' అని కయ్యిమంది. బూట్లు వేసుకుంటే తెలియదనుకో.

నీ
మేనేజరు (రాసి చూసుకుంటున్నాను)

*

బూట్ల కొట్టు, రైల్వే గేటు వీధి
అక్టోబరు 17

మేనేజరు గారికి,

అంటే మా పెళ్లయిన కొత్తలో పంచదార డబ్బా ఖాళీ చేసి చీమల మీద నేరం తోసిన పెద్దమనిషికి,

మీ అక్క వీధంతా చాటింపు వేసింది. పాలవాడికి రెండుసార్లు చెప్పింది, వాడికి చెవుడు అనుకుందో ఏమో. పక్క కొట్టు టైలరు గుర్తున్నాడుగా? నువ్వు మిల్లు మానేసి ఆటలో చేరినప్పుడు 'బంతి తన్నితే జీతమా, బాగుంది సంబడం, మరి పని ఎప్పుడు చేస్తాడు' అన్నవాడు. నిన్న కొట్టులోకొచ్చి పదిమంది ముందు 'మా మేనేజరు' అన్నాడు. మా! నేను సుత్తి కింద పెట్టి వాడి మొహం చూశాను. సిగ్గుపడలేదు, ఏం చేస్తాం.

మిల్లులో తెగిపోయిన మెషీను బెల్టు తెచ్చి నీకు మొదటి జత కుట్టినవాణ్ణి. వాటి బరువుకి నువ్వు వీధిలో పరిగెడుతుంటే గుర్రం వస్తోందని జనం పక్కకి తప్పుకునేవాళ్లు. ఆ బూట్లతో మొదలై ఇక్కడిదాకా వచ్చావు. గర్వంగా ఉందని చెప్పడానికి నాకేం మొహమాటం లేదు.

ఇక పార్శిలు. ఒకటో అంకె గోల్‌కీపరుదై ఉండాలి. మడమలు కొత్తవాటిలా ఉన్నాయి, వేళ్ల దగ్గర మాత్రం అరిగింది. మనిషి మునివేళ్ల మీదే బతుకుతున్నాడు, మంచివాడు. నాలుగో అంకె వాడు ఎడమ బూటు లేసు ఒక చిల్లు వదిలేసి కడుతున్నాడు. పాదం పైన వాపు ఉంటుంది చూడు, నువ్వడిగితే లేదంటాడు. తొమ్మిదో అంకె ఎవరు? ఇన్నేళ్ల పనిలో ఇలాంటి జత నా చేతికి రాలేదు. రెండు అడుగులూ ఒకేలా, పక్కపక్కన పెడితే ఏది ఏదో తెలియనట్టు అరిగాయి. కాళ్లు రెండూ సమానంగా వాడతాడు. ఎవడైనా సరే వాణ్ణి వదలకు.

నీ గది నేల సంగతి పట్టించుకోకు. పాత ఇళ్లు అంతే. గదిలో కూడా బూట్లు వేసుకుని తిరుగు.

బావ

తమ్ముడూ, కమిటీ వాళ్లు కుర్చీ ఇచ్చారు కదా అని కళ్లు నెత్తికెక్కించుకోకు. నీకు కుడుతున్న కొత్త జతని మీ బావ ఎవర్నీ ముట్టుకోనివ్వడం లేదు. గుడ్డపెట్టి తుడుస్తానన్నా చేతిలోంచి లాక్కున్నాడు. ఏం బంగారమో మరి. — అక్క

*

క్లబ్బు ఆఫీసు
జనవరి 22

బావా,

తొమ్మిదో అంకె ఎవరో తెలిస్తే నవ్వుతావు. మావాళ్లు వాణ్ణి 'నిదానం' అంటారు. ఇరవై మూడేళ్లవాడు, ఇంతకుముందు వడ్రంగి. షర్టు గుండీలు పెట్టుకోవడం అయ్యేసరికి మిగతావాళ్లు మైదానంలో ఉంటారు. పలకరిస్తే జవాబు మర్నాడు వస్తుంది. కమిటీ వాళ్లు రెండేళ్లు వాణ్ణి రెండో జట్టులోనే కూర్చోబెట్టారు. నువ్వు రాశాక వెళ్లి చూశాను. బంతి దగ్గర మాత్రం నిదానం లేదు! ఏ కాలితో తంతాడో ఎదుటివాడికి తెలియదు. ఒకటే చిక్కు, వాడు ఆడేది నా స్థానం. నేనుండగా వాడికి చోటెక్కడిది? వచ్చే ఏడు చూద్దాం.

తొమ్మిది ఆటల్లో ఏడు గెలిచాం. నాలుగో అంకె వాడి పాదం వాపు నిజమే. రెండు వారాలు కూర్చోబెడితే గుర్రంలా తిరిగొచ్చాడు. ఇప్పుడు జట్టంతా నిన్ను 'బూట్ల డాక్టరు' అంటోంది. నేనొక రూలు పెట్టాను: బూటు చెబితే కూర్చోవాలి, వాదన లేదు. ఇంకోటి, ఇదివరకు తలుపు మీద కాగితం అంటించి వెళ్లిపోయేవాళ్లు. పేరు లేనివాడు పదిమంది ముందు ఆ కాగితం పైనుంచి కిందికి మూడుసార్లు చదువుకునేవాడు. ఆ నరకం నేను పడ్డాను. అందుకే ఇప్పుడు తీసేసేవాడి పక్కన నేనే కూర్చుని, మొహం చూసి చెబుతున్నాను. తిట్టాలనుకున్నవాడు తిడుతున్నాడు. ఫరవాలేదు, ఆ మాత్రం పడాలి.

నేల సంగతి తేల్చేద్దామని మేస్త్రీని పిలిపించాను. రసమట్టం పెట్టి నాలుగు మూలలా చూశాడు, బుడగ నడిమధ్యనే నిలబడింది. 'అద్దంలా ఉంది సార్' అన్నాడు. ఇంటావిడ గుమ్మంలో చేతులు కట్టుకుని నన్ను ఎగాదిగా చూసింది. వాడికి పని రాదు బావా.

నీ బావమరిది

*

బూట్ల కొట్టు
ఫిబ్రవరి 20

ఒరేయ్,

నవ్వులాటలు తర్వాత. ఏడో అంకె ఎవరో గాని వాణ్ణి వెంటనే ఆపు.

ఎడమ బూటు అడుగున, నేలని పట్టే తోలు బిళ్ళల్లో బయటివైపుది కత్తితో కోసినట్టు అరిగింది. కిందటి పార్శిల్లో ఇలా లేదు. పరిగెత్తేటప్పుడు పాదం బయటికి ఒరిగిపోతోంది. చీలమండ దగ్గర గుడ్డముక్క కుక్కి దాచాడు. తీసి పారేశాను, దాని వాసన నీకు పంపనందుకు సంతోషించు. వాడు మొండిగా ఇంకో రెండు ఆటలు ఆడితే ఆ కాలు మళ్లీ పనికిరాదు. నెల రోజులు చాలు, చీలమండ ఇంకా విరగలేదు, మానుతుంది. ఏడుస్తాడు. ఏడవనీ.

పేపర్లో నీ ఫోటో చూశాను. పొట్ట లోపలికి పీల్చి నిలబడ్డావని మీ అక్క అంటోంది. నేను మాత్రం బూట్లు చూశాను, పాలిష్ బాగుంది.

మేస్త్రీలతో వాదన పెట్టుకోకు.

బావ

తమ్ముడూ, మీ ఇద్దరి మధ్యా ఏమైనా జరిగిందా? నీ ఉత్తరం పైకి చదువుతూ నేల మాట దగ్గరికొచ్చేసరికి మీ బావ లేచి పెరట్లోకి వెళ్లిపోయాడు. అడిగితే పొడి దగ్గు అన్నాడు. — అక్క

*

క్లబ్బు ఆఫీసు
మార్చి 26

బావా,

ఫైనలుకి వచ్చాం! మూడోసారి!

ఏడో అంకె మా ఎడమ అంచు ఆటగాడు, 'సుడిగాలి'. జట్టులో నా తర్వాత జనం పిలిచే పేరు వాడిదే. సెమీఫైనలు ముందుండగా, నీ ఉత్తరం అందిన రోజే పక్కన కూర్చోబెట్టుకుని చెప్పాను. 'నా కాలు నాకు తెలియదా సార్' అన్నాడు. 'తెలుసు కాబట్టే గుడ్డ కుక్కావు' అన్నాను. బావా, ఇద్దరు పిల్లల తండ్రి, నా చొక్కా పట్టుకుని ఏడ్చాడు. చివరికి తలెత్తి 'మీరైతే కూర్చుంటారా?' అని అడిగాడు. జట్టంతా వింటోంది. 'కూర్చుంటాను' అన్నాను. మాట ఇచ్చేశాను.

వాడు లేకుండానే గెలిచాం. తర్వాత డాక్టరు చూసి, ఆ ఆట ఆడి ఉంటే చీలమండ విరిగేదన్నాడు. సుడిగాలి వచ్చి నా చెయ్యి పట్టుకుని చాలాసేపు ఊపాడు. ఫైనలుకి వాడు సిద్ధమవుతాడు. వాడి కాలు దక్కించింది నువ్వు. ఎక్కడో గేటు పక్కన కొట్టులో కూర్చుని, మొహం చూడని మనిషి కాలు దక్కించావు. ఇంతకన్నా ఏం చెప్పను!

ఫైనలు ఏప్రిల్ 19. ఈ పార్శిలు జాగ్రత్తగా చూడు, దీని మీదే జట్టు ఎంచుతాను. ఈసారి నా జత కూడా పెట్టాను, పదో అంకె. సుడిగాలి చూస్తుండగానే పెట్టెలో పెట్టాను. అందరికీ ఒకటే రూలు కదా. నాకేం భయం, నువ్వు కుట్టిన జత.

నీ బావమరిది

*

బూట్ల కొట్టు
ఏప్రిల్ 3

ఒరేయ్,

పార్శిలు చూశాను. ఏడో అంకె చక్కగా కుదురుకున్నాడు, ఆడించు. రెండో అంకె వాడికి గోరు లోపలికి పెరుగుతోంది, కత్తిరించుకోమను. మిగతా అందరూ బాగున్నారు.

నీ జత బంగారంలా ఉంది. ఆడు. కప్పు పట్టుకుని రా.

కొట్టులో పని ఎక్కువగా ఉంది, ఇంతే రాస్తున్నాను.

బావ

*

బూట్ల కొట్టు
ఏప్రిల్ 6

తమ్ముడూ,

నిన్ను ఇలా ఎప్పుడూ పిలవలేదు, ఇవాళ పిలుస్తున్నాను. మొన్న రాసిన ఉత్తరం అబద్ధం.

నీ గది నేల ఏటవాలుగా లేదు రా. మేస్త్రీ నిజమే చెప్పాడు. నీ కుడికాలు పొట్టి.

ఆరేళ్ల క్రితం నీ కుడి పిక్క ఎముక విరిగి అతుక్కుంది కదా. మూడేళ్ల క్రితం నువ్విక్కడికి సెలవుకి వచ్చినప్పుడు నీ పాత బూటు అడుగు చూసి అనుమానపడ్డాను. నువ్వు కొట్టులో కుర్చీలో కునుకు తీస్తుంటే రెండు మడమలూ దగ్గరికి చేర్చి చూశాను. కుడిది గోరుమందం తక్కువ. లేపి చెబుదామనుకున్నాను. నువ్వే కళ్లు తెరిచి 'బావా, వచ్చే ఏడు కప్పు మాదే' అన్నావు. చెప్పడం మానేశాను. ఆ మధ్యాహ్నమే కుడి బూటు మడమలో, అట్టల మధ్య, ఎవరికీ కనబడకుండా గోరుమందం తోలు ముక్క వేసి కుట్టేశాను. నువ్వు తొడుక్కుని 'ఎంత సుఖంగా ఉన్నాయి బావా' అన్నావు. నీ మామూలు బూట్లకీ అదే చేశాను. మీ క్లబ్బు డాక్టరు బూట్లేసి పరిగెత్తమంటాడు, నువ్వు తిన్నగా పరిగెడతావు, ఆయన తలూపుతాడు. మరుసటేడు ఇంకో పొర వేశాను. ఈ ఏడు ఇంకోటి.

నేను సర్దుతూ పోయింది బూటుని. లోపల మోకాలు ఒరుగుతూనే ఉంది. నీ పదో అంకె జత కుడి అడుగు లోపలి అంచు పూర్తిగా పోయింది. ఇంకొకడి బూటు ఇలా వస్తే 'వీణ్ణి ఆపు' అని ఆ క్షణమే రాసేవాణ్ణి. బురదలో ఒక్కసారి గట్టిగా తిరిగితే ఆ మోకాలు నిలవదు. నువ్వు కూలబడితే నీ జట్టు పదిమందితో ఆడాలి. అంతా తెలిసి 'బంగారంలా ఉంది' అని రాశాను.

మీ అక్క నా బల్ల సొరుగులో, కోయగా మిగిలిన తోలుముక్కలు చూసింది. అన్నీ కుడి మడమవే. ఆవిడకి వివరం చెప్పక్కర్లేకపోయింది. 'నీ మాట మీద వాడు ఊళ్లోవాళ్ల కాళ్లన్నీ ఆపుతున్నాడు, వాడి కాలికి మాత్రం నువ్వు అబద్ధం చెబుతావా' అంది. రెండు రోజులుగా మాట్లాడటం లేదు. గ్లాసు కూడా దూరంగా పెట్టి పోతోంది.

ఎందుకు చేశానో అడుగుతావు. నువ్వు పరిగెత్తాలని, అంతే. ఇంకేం చెప్పను.

బావ

*

నా గది
ఏప్రిల్ 9

బావా,

ఉత్తరం అందింది. ఇప్పుడు నేను రాసేది నువ్వు చదవలేవు, అందుకని రాయడం లేదు. ఫైనలు అయ్యేదాకా నువ్వూ రాయకు.

అక్క గ్లాసు చేతికి ఇవ్వడం మొదలుపెట్టిందా?

*

బూట్ల కొట్టు
ఏప్రిల్ 13

రాయొద్దన్నావు. రాస్తున్నాను, తిట్టుకో.

నీ కాలికి చేసిన చెక్క అచ్చులు పదిహేడు జతలు నా అటక మీద ఉన్నాయి. ఇవాళ అన్నీ దించి వరసగా పేర్చాను. నేను నీ ఆట కళ్లతో చూసింది రెండేసార్లు. మిగతాదంతా బూట్లలోనే చూశాను. అయిదో జతకి కుడి బూటు వేళ్ల దగ్గర కుట్లు తెగి వచ్చాయి, ఆ ఏడు నువ్వు ఇరవై తొమ్మిది గోల్స్ కొట్టావు. తొమ్మిదో జత ఉప్పునీళ్లలో నానినట్టు గట్టిపడి వచ్చింది, వరద మైదానంలో ఆట ఆపనివ్వలేదని తర్వాత తెలిసింది. పదకొండో జతలో ఎడమ బూటు ఒక్కటే అరిగింది, కుడి కాలికి కట్టు ఉండగానే ఒంటికాలితో ప్రాక్టీసు చేశావు కదూ వెధవా? ఎక్కడా ఒక్క జత అయినా దొంగాట ఆడిన బూటు కాదు. దొంగాట ఆడింది నేనే.

ఈ పెట్టెలో రెండు కొత్త జతలున్నాయి. ఒకదానిలో పొర ఉంది, దాని నాలుక మీద సుద్దతో 'పొర' అని రాశాను. రెండోదానిలో లేదు. ఏది తొడుక్కుంటావో, అసలు తొడుక్కుంటావో లేదో, నువ్వే ఎంచు. మేనేజరువి నువ్వు.

బావ

*

క్లబ్బు ఆఫీసు
ఏప్రిల్ 21

బావా, అక్కా,

అక్క అరవకముందే రాస్తున్నాను: ఒకటి సున్నా. గెలిచాం. కప్పు ఈ బల్ల మీదే ఉంది, దాని పక్కనే కూర్చుని రాస్తున్నాను.

బావా, నీ ఉత్తరం చదివిన రోజు నిన్ను నమిలి మింగేయాలనిపించింది. మేస్త్రీని వెతికి పట్టుకుని రసమట్టం అడిగి తెచ్చుకున్నాను. నేల మీద పెట్టి, పక్కన చతికిలబడి, ఆ బుడగని ఎంతసేపు చూశానో నాకే తెలియదు. తర్వాత మైదానానికి వెళ్లి, బూట్లు విప్పి, గడ్డి మీద ఒట్టి కాళ్లతో పరిగెత్తాను. మూల జెండా దగ్గర తిరగబోయాను. మోకాలు తిరగలేదు. అక్కడే కూర్చుండిపోయాను. పదిహేడేళ్లు బతికిన చోటు బావా. ఏడ్చాను, నీకు చెప్పడానికి నాకూ మొహమాటం లేదు.

రెండు కొత్త జతలూ అందాయి. బల్ల మీద పెట్టుకుని రెండు రోజులు చూశాను. నిజం చెబుతున్నాను, సుద్దతో రాసిన జత రెండుసార్లు తొడుక్కున్నాను. ఎంత సుఖంగా ఉన్నాయో! లేచి నిలబడితే ముప్పై ఏళ్లవాణ్ణి అయిపోయాను. అప్పుడు సుడిగాలి అడిగిన మాట గుర్తొచ్చింది. విప్పేశాను.

ఫైనలు ముందు రోజు జట్టునంతా కూర్చోబెట్టాను. నా పదో అంకె జత కుడి బూటు తీసి, కత్తితో మడమ విప్పదీసి, మూడు పొరలూ బల్ల మీద పెట్టాను. 'బూటు చెప్పింది, నేను కూర్చుంటున్నాను, నా చోట నిదానం ఆడతాడు' అన్నాను. ఛైర్మను గుమ్మంలో నిలబడి వింటున్నాడు. ఆయన మొహంలో నెత్తురు చుక్క లేదు. 'జనానికి ఏం చెప్పుకోమంటావయ్యా, అందరూ వస్తున్నది నీ కోసం' అన్నాడు. నేను జవాబు చెప్పేలోపు సుడిగాలి లేచాడు. మేకుకి ఉన్న నా కోటు తెచ్చి నాకు తొడిగి, గుండీలు కూడా వాడే పెట్టాడు. ఛైర్మను గుమ్మంలోంచి పక్కకి తప్పుకున్నాడు.

నిదానాన్ని అడిగాను, 'ఆడతావా?' అని. వాడు ఆలోచించాడు. అందరం ఎదురుచూశాం. మర్నాడు పొద్దున బస్సెక్కుతూ 'ఆడతాను సార్' అన్నాడు.

వాన. మడమల్లోతు బురద. ఇరవయ్యో నిమిషంలో వాళ్ల వెనక వరస ఆటగాడు ఎద్దులా వచ్చి మావాణ్ణి పడేశాడు. పడినవాడు నా చోట ఉన్నవాడు, నిదానం. కుడికాలు మడతపడింది. నేను బెంచీ మీంచి లేచాను. నాకైతే అక్కడితో సరి, మావాళ్లు పదిమంది అయ్యేవాళ్లు. వాడు నిదానంగా లేచాడు. షర్టు సర్దుకున్నాడు. మళ్లీ పరిగెత్తాడు.

బావా, ఇన్నేళ్లు ఆడాను గాని ఆట మొత్తం ఎప్పుడూ చూడలేదు. లోపల ఉంటే బంతి ఒక్కటే కనబడేది. బెంచీ మీద కూర్చున్నాక పదకొండు మందీ కనబడ్డారు. వాళ్ల వెనక వరస మా ఎడమవైపు ఖాళీ వదులుతోందని విరామానికి ముందే తెలిసింది. విరామంలో సుడిగాలికి చెప్పాను, 'బయటికి జరిగి నిలబడు, బంతి వస్తుంది' అని. డెబ్బయ్యో నిమిషంలో వచ్చింది. నిదానం కుడికాలు ఎత్తాడు, ఎదుటివాడు అటు దూకాడు, వీడు ఎడమకాలితో పంపాడు. సుడిగాలి దాన్ని వలలో పెట్టి తిన్నగా నా దగ్గరికి పరిగెత్తుకొచ్చాడు. నన్ను ఎత్తబోయి ఇద్దరం బురదలో పడ్డాం.

తర్వాత వాళ్లు మెట్లెక్కారు. నన్నూ లాగారు. నేను వెళ్లలేదు. ఆ మెట్లు ఆడినవాళ్లవి. కింద నిలబడి మూడోసారి చప్పట్లు కొట్టాను. చేతులు మండిపోయేదాకా కొట్టాను బావా. మొదటి రెండుసార్లూ ఎవరి కోసమో కొట్టాను, ఈసారి పైన ఉన్నవాళ్లందరి కాళ్లూ నాకు తెలుసు.

ఇంటావిడకి క్షమాపణ చెప్పాను. 'నేల బాగుందా ఇప్పుడు?' అని అడిగి, నేను తలూపితే, రెండో కప్పు టీ తనంతట తానే పోసింది.

నీ మీద కోపం పోయిందా అంటే, సగం పోయింది. మిగతా సగం వచ్చి తిట్టి తీర్చుకుంటాను. అక్కా, నువ్వు గ్లాసు బావ చేతికి ఇచ్చేయి, ఇక చాలు. ఆ మూడేళ్లలో నలభై ఒక్క ఆట ఆడాను. లెక్క నా దగ్గరుంది. ఒక్కటి కూడా వెనక్కి ఇవ్వను.

పార్శిల్లో నా ఆట బూట్లన్నీ పంపుతున్నాను. అచ్చుల పక్కన పెట్టుకో. సుద్దతో రాసినవి కూడా అందులోనే ఉన్నాయి. నిదానానికి ఒక జత కుట్టు, వాడి పాత జతే కొలత, రెండు కాళ్లకీ ఒకటే అచ్చు సరిపోతుందేమో చూడు!

నాకూ ఒక జత కావాలి. ఆటకి కాదు, గీత బయట నిలబడటానికి. మేనేజరుకి ఆట అయ్యేదాకా నిలబడాల్సి వస్తుంది. నల్లవి, మామూలువి. కుడి మడమ కింద గోరుమందం తోలు వెయ్యి.

ఈసారి నాకు చెప్పి వెయ్యి.

నీ బావమరిది